అంచు లేని జాడీ

మా కొట్టుకి ఒక పక్క సైకిళ్ళు బాగుచేసే షెడ్డు, ఇంకో పక్క ప్రింటింగ్ ప్రెస్సు. ఇటు సుత్తి దెబ్బలు, అటు మిషను దడదడ. నిశ్శబ్దంతో పని ఉన్న వ్యాపారానికి మా నాన్న ఇంతకన్నా గొప్ప చోటు వెతకలేకపోయాడు. ఎవరైనా అడిగితే, "కింద నేలమాళిగ ఉందిగా, అది చాలు" అనేవాడు. ఆ మాట నిజమే. పదకొండు మెట్లు దిగి తలుపు మూసుకుంటే, పైన ఆకాశం విరిగిపడ్డా కిందికి వినబడదు.

మా పని జాడీలు పట్టడం. తెలియనివాళ్ళ కోసం చెబుతాను. చూడటానికి మామూలు పింగాణీ జాడీయే. ఒళ్ళో పెట్టుకుంటే పసిబిడ్డంత ఉంటుంది. మూత తీసి గదిలో పెడితే, ఓ పావుగంట సేపు ఆ గదిలోని కాలాన్ని తాగుతుంది. మూత పెట్టేస్తే అది లోపల ఉండిపోతుంది. మళ్ళీ ఎప్పుడు తీసినా ఆ పావుగంట తిరిగొస్తుంది. మాటలు, దగ్గు, గిన్నెల చప్పుడు, ఆ పూట గాలిలోని వాసన, చలి, అన్నీ వస్తాయి. కంటికి మాత్రం ఏమీ కనబడదు. మూడుసార్లు తీస్తే జాడీ ఖాళీ. పసిపిల్లల మొదటి మాటలు పట్టించుకునేవాళ్ళు ఎక్కువ. ఇల్లు మారేవాళ్ళు కొందరు. ఒకాయన పెళ్ళాం తిట్లు పట్టించుకెళ్ళాడు, ఆవిడ ఊరెళ్ళినప్పుడు ఇంట్లో తోచడం లేదట.

నన్ను వీధిలో మూతక్క అంటారు. ఎదురుగా అక్క అనే అంటారు, నేను అటు తిరిగాక మూత అన్నది చేరుస్తారు. నాకు నోరెక్కువని కూడా అంటారు. అదీ నిజమే. నా నోట్లో నువ్వుగింజ నానదు. అలాంటి దాన్ని, జీవితంలో ఒక్కసారి, మాట్లాడి తీరాల్సిన చోట నోరు మూసుకున్నాను. ఈ కథంతా దాని గురించే.

జాడీ పట్టేవాళ్ళకి తప్పనిసరి మాట ఒకటుంది. పావుగంట అయ్యాక "మూత పడింది" అని గట్టిగా చెప్పి, ఆ వెంటనే మూత పెట్టాలి. ఆ మాట కూడా జాడీలోనే ఉండిపోతుంది. తర్వాత ఎవరు విన్నా చివర్న మా గొంతు వినబడుతుంది, వాళ్ళు మూత పెట్టేస్తారు. దాన్ని మేం అంచు అంటాం. అంచు ఎందుకంటే, జాడీ తనలో ఉన్నది పోసేశాక ఊరుకోదు. మూత తీసి ఉంటే మళ్ళీ తాగడం మొదలుపెడుతుంది. అంచు లేని జాడీ ముందు కూర్చున్నవాళ్ళకి అది పోస్తోందో తాగుతోందో తెలియదు.

"తాగితే తాగనీ, ఇంకో పావుగంట పడుతుంది. దానికేం?" అని చిన్నప్పుడు అడిగాను.

"మొదటిసారి చప్పుళ్ళు తాగుతుంది. రెండోసారి ఏం తాగుతుందో దగ్గర కూర్చున్నవాళ్ళెవరూ వచ్చి చెప్పలేదమ్మా" అన్నాడు నాన్న. ఎప్పుడూ వేళాకోళమాడే మనిషి, ఆ ఒక్కసారి నవ్వలేదు.

ఇంట్లో ఇప్పుడు నేనూ మా చెల్లీ. నాకంటే పన్నెండేళ్ళు చిన్నది. అమ్మ పోయేనాటికి దానికి నడక కూడా సరిగా రాదు. నా చంకలో పెరిగింది. పెళ్ళిళ్ళు మా ఇద్దరికీ అచ్చిరాలేదు, ఆ గోల ఇక్కడెందుకు. చెల్లి జాడీలు కడుగుతుంది, తుడుస్తుంది, కొట్లో కూర్చుంటుంది. దానికున్న ఒకే ఒక్క అవలక్షణం కూనిరాగం. ఎప్పుడూ అదే రాగం. ఎక్కడా నేర్చుకున్నది కాదు, తలా తోకా ఉండదు. పనిచేస్తుంటే తీస్తుంది. భయమేస్తే మరీ తీస్తుంది. చిన్నప్పుడు నేను కోపంతో చీకటి గదిలో పెట్టి తలుపేస్తే ఏడ్చేది కాదు, ఆ రాగం అందుకునేది. అది వింటూ నేనే ఏడ్చి తలుపు తీసేదాన్ని.

జాడీల పనికి అది ఎంత ప్రమాదమో చెప్పక్కర్లేదు. "మా బాబు కేరింతల వెనకాల ఎవరో ముక్కుతో పాడుతున్నారండీ" అని ఎంతమంది పట్టుకొచ్చారో! అందుకే జాడీ పట్టడానికి దాన్ని ఎక్కడికీ తీసుకెళ్ళను.

పై వీధిలో తాళాలు చేసే ముసలాయన ఉన్నాడు. నాన్న స్నేహితుడు. బాబాయ్ అని పిలుస్తాం. ఆయన భార్యకి జబ్బు ముదిరింది. డాక్టరు చేతులెత్తేశాడు. "మీ పిన్ని గొంతు ఒక్క పావుగంట పట్టిపెట్టమ్మా" అని బాబాయ్ నా చేతులు పట్టుకున్నాడు.

వెళ్ళాను. మధ్యాహ్నం. గదిలో మందుల వాసన, తడిగుడ్డ వాసన. గోడ గడియారం నడుస్తోంది. పిన్ని మంచం కదిలినప్పుడల్లా కిర్రుమంటోంది. ఆవిడకి గొంతెత్తే ఓపిక లేదు, మొగుణ్ణి పిలవాలంటే చెంచాతో గ్లాసు అంచు మీద రెండుసార్లు కొడుతుంది. టింగ్ టింగ్. ఆయన చేస్తున్న పని వదిలేసి పరిగెత్తుకొస్తాడు.

బాబాయ్‌ని వీధిలోకి పంపి జాడీ మూత తీశాను. పిన్ని అలవాటుకొద్దీ చెంచాతో గ్లాసు మీద రెండుసార్లు కొట్టింది. పిన్ని చాలాసేపు బాగానే మాట్లాడింది. బీరువా తాళం కొంచెం పట్టేస్తోంది, నూనె వెయ్యమంది. ఊరందరి తాళాలూ చూస్తావు, ఇంట్లోది చూడవని దెప్పింది. చలికాలం చెవులకి గుడ్డ చుట్టుకోమంది. పావుగంట అయిపోవస్తోంది. నేను మూత చేతిలోకి తీసుకుని, చెప్పాల్సిన మాట కోసం ఊపిరి పీల్చుకున్నాను.

అప్పుడు ఆవిడ నా మణికట్టు పట్టుకుంది. ఆ చేతిలో అంత బలం ఎక్కడిదో తెలియదు. నా కళ్ళలోకి చూసి, "నాకు పోవాలని లేదమ్మా" అంది.

ఆ మొహం చూస్తూ "మూత పడింది" అని ఎలా అనను? నాకు నోరెక్కువే కానీ గుండె లేదా? ఏమీ అనలేదు. తల పక్కకి తిప్పుకుని మూత పెట్టేశాను. పెట్టి చూసేసరికి పిన్ని లేదు. చెయ్యి మాత్రం నా మణికట్టు మీదే ఉంది. వేళ్ళు ఒక్కొక్కటిగా విడదీసుకోవాల్సి వచ్చింది.

జాడీ ఆయనకి ఇవ్వలేదు. "కొన్నాళ్ళు ఆగు బాబాయ్, గుండె కుదుటపడ్డాక విందువుగాని" అని మా నేలమాళిగలో పెట్టాను. మూడు వారాలు అబద్ధాలతో నెట్టుకొచ్చాను. ఆయన రోజూ వచ్చి గుమ్మంలో నిలబడేవాడు. అడిగేవాడు కాదు, నిలబడేవాడు. నాలుగో వారం చెల్లి నన్ను నిలదీసింది.

"ఎందుకక్కా ఆయన్ని అలా తిప్పుతున్నావ్? ఇచ్చెయ్యొచ్చుగా?"

చెప్పేశాను. అంచు లేదని. దాని మొహం పాలిపోయింది.

"మరి ఎలా?"

"నాన్న చెప్పిన దారి ఒకటుంది. పట్టినవాళ్ళే ఒంటరిగా కూర్చుని తీయాలి. మాట తప్పిన చోటు రాగానే ఆ మాట చెప్పి మూత పెట్టేయాలి. అంచు కుట్టడమంటారు. ఆ గదిలో ఇంకో మనిషి ఉండకూడదు. నేను కింద ఉన్నంతసేపు నువ్వు దిగకు. పిలవకు. ఇల్లు తగలబడుతున్నా సరే."

"ఇల్లు తగలబడితే నువ్వు కాలిపోతావుగా?" అని నవ్వింది. వెంటనే కూనిరాగం అందుకుంది. భయపడుతోందని తెలిసి తల మీద ఒక్కటి మొట్టాను. అదే నేను దాన్ని ఆఖరుసారి ముట్టుకోవడం. అలా అని నాకప్పుడు తెలియదు.

దెయ్యాలకి అర్ధరాత్రితో పాటు మిట్టమధ్యాహ్నం కూడా అనువైన వేళే అంటారు. అయినా నేను మధ్యాహ్నమే ఎంచుకున్నాను. ఆ వేళ పక్క ప్రెస్సు ఆగుతుంది, షెడ్డులోవాళ్ళు అన్నాలకి వెళతారు. పైన వీధంతా ఎండ. తలుపు వేసుకుని దిగాను. ఆరో మెట్టు చెక్క వదులు, ఎవరు తొక్కినా కిర్రుమంటుంది. అప్పుడూ అంది. కింద ఉన్న ఒక్క బల్బు గుయ్యిమంటుంటుంది కాబట్టి ఆర్పేశాను. చీకటి. ఎంత చీకటంటే, కళ్ళు మూసినా తెరిచినా ఒకటే.

మెట్లకి వీపు పెట్టి నేల మీద కూర్చుని, జాడీ ముందు పెట్టుకుని మూత తీశాను.

ముందు వాసన వచ్చింది. మందులు, తడిగుడ్డ. తర్వాత గడియారం. మా నేలమాళిగలో గడియారం లేదు. చలి కాళ్ళ దగ్గర మొదలై పైకి పాకింది. చెంచా గ్లాసు మీద రెండుసార్లు తగిలింది. టింగ్ టింగ్. పిన్ని గొంతు నా మొహానికి జానెడు దూరంలో మొదలైంది. బీరువా తాళం. నూనె. చెవులకి గుడ్డ. అన్నీ వరసగా, ఆ రోజు ఎలా విన్నానో అలాగే. మంచం కిర్రుమన్నప్పుడల్లా నా మనసులో లెక్క పెట్టుకుంటున్నాను. అది ఏడుసార్లు కిర్రుమన్నాక ఆ మాట వస్తుందని నాకు గుర్తు.

ఏడోసారి కిర్రుమంది.

"నాకు పోవాలని లేదమ్మా."

అదే చోటు. ఇప్పుడే చెప్పాలి. నోరు తెరిచాను...

మణికట్టు మీద చెయ్యి పడింది.

జాడీలోంచి చప్పుడొస్తుంది. వాసనొస్తుంది. స్పర్శ ఎప్పుడూ రాలేదు. నాన్న హయాంలో రాలేదు, నా హయాంలో రాలేదు. చల్లటి వేళ్ళు. ఐదూ. నొక్కుతున్నాయి. చెప్పాల్సిన మాట మరిచి చెయ్యి గుంజుకోబోయాను.

"పోను" అంది పిన్ని.

ఈ మాట ఆ రోజు అనలేదు. అనడానికి ఆవిడ లేదు.

వేళ్ళు వదిలేశాయి. నా భుజం పక్కనుంచి ఏదో లేచినట్టు, తడిగుడ్డ చెంపకి రాసుకుపోయినట్టు అనిపించింది. గడియారం ఇంకా నడుస్తోంది. చోటు దాటిపోయింది. జాడీ పోస్తోందా? తాగుతోందా? ఏమీ తెలియడం లేదు. మూత కోసం నేలంతా తడిమాను. దొరకలేదు... దొరికింది.

అప్పుడు కిర్రుమంది.

మంచమే అనుకున్నాను. ఎనిమిదోసారి. ఆ రోజు ఎనిమిదోసారి లేదని నాకు తెలుసు. తెలిసినా మంచమే అనుకున్నాను.

"అక్కా..." చీకట్లో, చాలా మెల్లగా. "అయిందా?"

చెల్లి గొంతు. ఊపిరి బిగబట్టాను. దిగొద్దని చెప్పాను. అది నా మాట జవదాటదు. అయితే ఇది చెల్లి కాదు. కొత్త మాటలు నేర్చిన జాడీ, కొత్త గొంతు నేర్వలేదా?

"అక్కా, నాకేం కనబడట్లేదు. ఎక్కడున్నావ్?"

నాలుగడుగుల దూరంలో. పలకాలని నాలుక కొస దాకా వచ్చింది. పలికితే నా గొంతు కూడా దాని నోట్లో పడుతుంది. నిజంగా చెల్లే అయితే, మూత పెట్టిన క్షణంలో అది ఈ గదిలో ఉంటుంది, జాడీలో దాన్నీ మూసేసినట్టే. చెల్లి కాకపోతే, మూత పెట్టని ప్రతి క్షణం దేన్నో పైకి వదులుతున్నాను. పైన చెల్లి ఒంటరిగా ఉంది. చెల్లి ఒంటరిగా ఉందన్నదే నన్ను తొందరపెట్టింది.

"మూత పడింది!" అని అరిచి మూత నొక్కేశాను.

గడియారం ఆగిపోయింది. వాసన పోయింది. బల్బు వేశాను. గదిలో నేనూ, జాడీలూ. ఇంకెవరూ లేరు. మెట్ల పైన తలుపు మాత్రం బార్లా తెరిచి ఉంది. అక్కడినుంచి ఎండ మూడో మెట్టు దాకా పడుతోంది.

పరిగెత్తుకుంటూ పైకొచ్చాను. చెల్లి బల్ల ముందు కూర్చుని పొడిగుడ్డతో ఒక జాడీ తుడుస్తోంది. ప్రాణం లేచొచ్చింది.

"నువ్వు కిందికి దిగావా?"

"లేదే. నేనెక్కడికీ కదల్లేదు."

"తలుపెవరు తీశారు మరి?"

"గాలికి తెరుచుకుందేమో" అంది, తుడవడం ఆపకుండా.

ఆ రోజు గాలి లేదు. ఎదురింటి తీగ మీద ఆరేసిన బట్టలు కూడా కదలడం లేదు. అయినా చెల్లి ఎదురుగా ఉంది, క్షేమంగా ఉంది, నాకంతకన్నా ఏం కావాలి? అంచు కుట్టేశానని సంబరపడ్డాను. మర్నాడే బాబాయ్‌కి జాడీ పంపించేశాను. నేనోసారి తీశానని మాత్రం చెప్పలేదు, సిగ్గేసింది.

తర్వాత నాలుగు రోజులు ఇల్లు ఎప్పటిలాగే ఉంది. కాకపోతే కొంచెం ఎక్కువ నిశ్శబ్దంగా ఉంది. చెల్లి కూనిరాగం తీయడం లేదని మూడో రోజుకి గానీ నా బుర్రకి తట్టలేదు. గొంతు పట్టేసిందేమో అనుకున్నాను. ఇన్నేళ్ళు ఆపమని తిట్టిన నోటితో ఎందుకు ఆపావని ఎలా అడగను? అడగలేదు. ఒక సాయంత్రం నేను గదిలో ఉంటే వంటింట్లోంచి టింగ్ టింగ్ అని వినబడింది. వెళ్ళి చూస్తే టీ కలిపి, చెంచా గ్లాసు మీద కొట్టి నన్ను పిలుస్తోంది.

"నోరు లేదా, పిలవడానికి?" అన్నాను.

"ఓపిక లేదమ్మా" అంది.

నన్ను అది ఎప్పుడూ అమ్మా అనలేదు. అన్నేళ్ళు అమ్మలా పెంచాను, అందులో వింతేముందిలే అని సరిపెట్టుకున్నాను. నాకు కాస్త ముద్దుగా కూడా అనిపించింది. ఎంత వెర్రిదాన్నో చూడండి.

ఐదో రోజు బాబాయ్ కబురు పంపాడు. జాడీ తీస్తున్నాను, ఒక్కణ్ణీ వినలేను, నువ్వు రామ్మా అని. వెళ్ళాను. పిన్ని మంచం ఎత్తేసి గోడకి ఆనించాడు. గడియారం కూడా ఆగిపోయి ఉంది, కీ ఇచ్చే మనిషి లేక. నాకు కుర్చీ వేస్తూ అన్నాడు.

"నువ్వు జాడీ పంపిన ముందురోజు మధ్యాహ్నం మీ కొట్టుకొచ్చాను, తెలుసా? ఇంక ఆగలేక. మీ చెల్లెలు పాపం నా మొహం చూసి జాలిపడింది. కూర్చో బాబాయ్, అక్కని పిలుచుకొస్తానని కిందికి వెళ్ళింది."

కూర్చోబోతున్నదాన్ని ఆగిపోయాను.

"వెళ్ళిందా? నువ్వు చూశావా?"

"చూడకపోవడమేంటి? తలుపు తీసుకుని, ఏదో రాగం తీసుకుంటూ దిగింది, వెనకే తలుపేసుకుంది. అది అటు దిగగానే నాకే మొహమాటమేసింది. మీరేదో పనిలో ఉన్నారని వచ్చేశాను." మూత మీద చెయ్యి వేశాడు. "తీయనా?"

వద్దు అనేలోపే ఆయన తీసేశాడు.

మందుల వాసన. తడిగుడ్డ. గడియారం. టింగ్ టింగ్. ఆ చప్పుడికి బాబాయ్ అలవాటుగా కుర్చీలోంచి సగం లేచాడు, మళ్ళీ కూర్చున్నాడు. కళ్ళు తుడుచుకున్నాడు. ఇద్దరం పిన్ని గొంతు కోసం చూస్తున్నాం.

రాలేదు.

గడియారం నడుస్తూనే ఉంది. మంచం కిర్రుమంటోంది. ఒకటి, రెండు, మూడు... మాటలు రావాల్సిన చోట మాటల్లేవు. బీరువా తాళం లేదు, నూనె లేదు. ఖాళీ గది చప్పుడు, అంతే. ముసలాయన జాడీలోకి వంగి, చెవి పెట్టి, చిన్నపిల్లాడిలా నా వైపు చూశాడు.

"గడియారం ఉంది, చెంచా ఉంది, మంచం ఉంది. మనిషేదమ్మా?"

నేనేం చెప్పను? మనిషి నా ఇంట్లో టీ కలుపుతోందని చెప్పనా?

ఏడోసారి. ఎనిమిదోసారి. ఎనిమిదోది మంచం కాదు. ఇప్పుడు పగటి వెలుగులో వింటుంటే తెలుస్తోంది. అది మా ఆరో మెట్టు. తర్వాత నా గొంతు గట్టిగా అరిచింది. "మూత పడింది!"

మూత బాబాయ్ చేతిలోనే ఉంది. పెట్టడం లేదు. ఇంకా ఆశగా జాడీలోకి చూస్తున్నాడు. నేను లాక్కోవాలి. లాక్కోలేదు.

అప్పుడు మొదలైంది. చాలా దూరం నుంచి, బావి అడుగునుంచి వచ్చినట్టు. తలా తోకా లేని కూనిరాగం. ఆగుతూ, వణుకుతూ. చీకటి గదిలో తలుపేసినప్పుడు తీసేది. నాకు తప్ప ఈ లోకంలో ఇంకెవరికీ అర్థం కానిది.

బాబాయ్ మొహంలో చిన్న నవ్వు కూడా వచ్చింది. "ఇందులోనూ మీ చెల్లెలు దూరిందా?" అన్నాడు. మరుక్షణం నుదురు ముడిపడింది. "కానీ ఆ రోజు అది మా ఇంటికి రాలేదు కదమ్మా?"

రాగం ఆగింది.

"అక్కా..." జాడీలోంచి, గుసగుసగా. "నన్నొదిలేసి పైకెళ్ళిపోయావేంటి?"

నేను ఆయన చేతిలోంచి మూత లాక్కుని పెట్టేశాను. ఎందుకు పెట్టానని అడగకండి. నలభై ఏళ్ళ అలవాటు. భయం. పెట్టాక తెలిసింది, రెండోసారి కూడా దాని నెత్తిన తలుపేసింది నేనేనని. బాబాయ్ ఇంట్లో, ఆయన ముందే, గుండెలు బాదుకుని ఏడ్చాను. ఆయన పాపం తన భార్య గొంతు పాడైందని నేను ఏడుస్తున్నాననుకున్నాడు.

"పోనీలేమ్మా. తీసుకెళ్ళి సరిచెయ్యి. ఇంకా రెండుసార్లు ఉందిగా" అన్నాడు.

రెండు కాదు. ఒకటే. నేను తీసింది ఒకటి, ఆయన తీసింది ఒకటి. మూడోసారి తీస్తే జాడీ ఖాళీ. ఆ పావుగంటలో చెల్లిని బయటికి రప్పించుకోవాలి. పిన్ని బయటికొచ్చింది కదా, చెల్లి రాలేదా? రాకపోతే ఎక్కడికి పోతుందో ఆలోచించే ధైర్యం నాకు లేదు.

జాడీని దుప్పట్లో చుట్టుకుని, గుండెలకి హత్తుకుని ఇంటికొచ్చాను. దొడ్డిదారిన దూరాను. మధ్యాహ్నమే. ప్రెస్సు ఆగి ఉంది. వంటింట్లో నీళ్ళ చప్పుడు వినబడుతోంది. అలికిడి కాకుండా నేలమాళిగ తలుపు తీసి, వెనకే గడియ పెట్టుకుని దిగాను. ఆరో మెట్టు కిర్రుమంది. నా కాళ్ళ కింద ఎప్పుడూ అనేదే. బల్బు వేయలేదు. నేల మీద కూర్చుని, దుప్పటి విప్పి, జాడీని ఒళ్ళో పెట్టుకున్నాను. చిన్నప్పుడు చెల్లిని పెట్టుకున్నట్టే.

"వచ్చాను తల్లీ" అన్నాను. "అక్క వచ్చింది. ఇంక ఎక్కడికీ వెళ్ళదు."

మూత బిగించి ఉంది. నా రెండు చేతులూ దాని మీదున్నాయి. అయినా అరచేతులకి తెలుస్తోంది, పింగాణీ లోపల సన్నగా, ఆగకుండా ఆ రాగం. మూత పెట్టిన జాడీలోంచి చప్పుడు రాదు. ఎన్నడూ రాలేదు. ఏడుస్తూ నవ్వాను. మూత అంచు కింద వేళ్ళు దూర్చాను.

పైన గడియ తీసిన చప్పుడైంది.

ఆ గడియ లోపలి వైపు ఉంటుంది.

అడుగులు. తొందర లేదు. ఒకటి. రెండు. నా వేళ్ళు మూత మీద బిగుసుకుపోయాయి. మూడు. నాలుగు. ఐదు. ఆరో మెట్టు కోసం చెవులు రిక్కించాను. కిర్రుమంటే చాలు. ఒక్కసారి కిర్రుమంటే, ఇదంతా నా పిచ్చి భ్రమ అనుకుని, లేచి దాన్ని కౌగలించుకుని, ఈ జాడీని పగలగొట్టేస్తాను.

ఏడు. ఎనిమిది.

కిర్రుమనలేదు.

తడిగుడ్డ వాసన నా దాకా వచ్చి ఆగింది. చీకట్లో, నా మొహానికి జానెడు దూరంలో, చెల్లి గొంతు మెల్లగా, ఎంతో ప్రేమగా అడిగింది.

"ఆ జాడీ ఇటివ్వమ్మా. తుడిచి పెడతాను."

నా ఒళ్ళో కూనిరాగం ఆగిపోయింది.